యూనియన్ గది బీరువాలో 41 టేపులు

ఈ సంచికకు పాత విద్యార్థుల తరపున ఏదైనా వ్రాయమని సంఘం కార్యదర్శి ఫోన్ చేశాడు. "మా రోజుల్లో..." అని మొదలయ్యే వ్యాసం ఒకటి వస్తుందని ఆశించి ఉంటాడు కాబోలు. ప్రతి సావనీరులోనూ అటువంటిది ఒకటి ఉంటుంది. మా రోజుల్లోనూ ఉండేది. మేము పేజీ తిప్పేసేవాళ్ళం. అందుచేత ఆ జోలికి పోను. యూనియన్ గదిలో కిటికీ పక్కన ఒక ఆకుపచ్చ ఇనప బీరువా ఉన్నది. దాని కింది అర గురించి వ్రాస్తాను. ఈ కళాశాల ఆస్తుల్లో గ్రంథాలయం తరువాత అంత విలువైనది మరొకటి లేదని నా నమ్మకం. అది ప్రస్తుతం బూజు పడుతున్నది.

కిందటి ఆగస్టులో పాత విద్యార్థుల సమావేశానికి వచ్చినప్పుడు, ఇద్దరు విద్యార్థుల్ని తోడు పెట్టుకుని ఆ అరలో ఉన్నదంతా నేల మీద పరిచి లెక్కబెట్టాను. మొత్తం 41 వీడియో టేపులు. పెద్ద సైజు వీహెచ్ఎస్ క్యాసెట్లు 26. పాటల క్యాసెట్టంత ఉండే 8 మిల్లీమీటర్ల క్యాసెట్లు 9. అగ్గిపెట్టె కంటె కాస్త పెద్దవైన మినీ డీవీలు 6. అన్నిటికంటె పాతదాని మీద 1989 వార్షికోత్సవం అని, చివరిదాని మీద 2005 అని ఉన్నది. 1989కి ముందు మన కళాశాలకు ఫొటోలే ఉన్నాయి. అవి కదలవు, మాట్లాడవు. 2005 తరువాతవి మెమరీ కార్డుల్లోకీ సెల్‌ఫోన్లలోకీ పోయాయి. వాటి గతి ఏమైందన్నది వేరే వ్యాసం. నడుమనున్న పదహారేళ్ళ కళాశాల, నడిచే, నవ్వే, ఈలలు వేసే కళాశాల, ఈ ఒక్క అరలో ఉన్నది.

లేబుళ్ళ సంగతి చెప్పనక్కరలేదు. కొన్నిటి మీద తేదీలున్నాయి. ఒకదాని మీద "కల్చరల్ - 2" అని ఉన్నది, ఒకటో భాగం ఎక్కడుందో దేవుడికెరుక. ఒకదాని మీద ఎర్ర సిరాతో "చెరపరాదు". మరొకదాని మీద "పాడైనది". ఈ పాడైనదాని కథ తరువాత చెబుతాను.

నాతో ఉన్న కుర్రవాడు ఒక క్యాసెట్టు చేతిలోకి తీసుకుని అటూ ఇటూ తిప్పి చూసి, "దీన్ని దేంట్లో పెడతారు సార్?" అని అడిగాడు. వెటకారం కాదు, నిజంగానే తెలియక అడిగాడు. వ్యవహారం ఎంతవరకు వచ్చిందో నాకు అప్పుడే బోధపడింది.

ఆ కుర్రవాడి కోసం నాలుగు మాటలు. టేపు అంటే సన్నని ప్లాస్టిక్ పట్టీ, దాని మీద అయస్కాంత ధర్మం గల రేణువులు, ఆ రేణువుల్ని పట్టీకి అంటించి ఉంచే జిగురు. అంతే. మూడు గంటల వీహెచ్ఎస్ క్యాసెట్టులో ఈ పట్టీ అరంగుళం వెడల్పున, పావు కిలోమీటరు పైచిలుకు పొడవున చుట్టి ఉంటుంది. మాట అంచు వెంబడి పొడుగునా ఒక గీతగా నడుస్తుంది. బొమ్మ అలా కాదు. వీసీఆర్ లోపల వాలుగా బిగించిన డ్రమ్ము ఒకటి నిమిషానికి 1500 సార్లు తిరుగుతూ, తన మీది హెడ్లతో టేపు మీద ఏటవాలుగా గీతలు గీస్తూ పోతుంది. సెకనుకు 50 గీతలు, ఒక్కొక్కటి తలవెంట్రుక కంటె సన్నం. పుస్తకానికి చెద పట్టినా మిగిలిన సగం పేజీ చదువుకోవచ్చు. ఇక్కడ జిగురు చెడిందంటే రేణువులు రాలి హెడ్డుకు అంటుకుంటాయి, అది తక్కిన టేపును గీరుకుంటూ పోతుంది. ఆ జిగురుకు మొదటి శత్రువు గాలిలోని తేమ. మన ఊరు సముద్రపుటొడ్డున ఉన్నది. బీరువా కిటికీ పక్కన ఉన్నది. ఆ కిటికీ రెక్క మా చదువు రోజుల్లోనే సరిగా పడేది కాదు. ఇప్పుడూ పడటం లేదు, చూసి వచ్చాను.

26 పెద్ద క్యాసెట్లలో ఐదింటికి చుట్ట అంచు మీద తెల్లటి నూగు కనబడింది. అది బూజు. అటువంటి క్యాసెట్టును ఆత్రం కొద్దీ వీసీఆర్‌లో పెట్టారంటే ఆ టేపు చిరగడం ఒక ఎత్తు, ఆ తరువాత అదే యంత్రంలో పెట్టిన మంచి టేపులకు కూడా బూజు అంటడం మరొక ఎత్తు. కనుక ముందుగా ఆ ఐదింటినీ వేరే పెట్టెలో పెట్టించాను. ఆ రోజు నేను చేసిన మంచి పని అదొక్కటే.

టేపుల సంగతి ఇలా ఉంటే, వాటికంటె ముందు యంత్రాలు చచ్చిపోతున్నాయి. జపాన్‌లో వీసీఆర్లు తయారుచేస్తూ మిగిలిన చివరి కంపెనీ ఫునాయ్. విడిభాగాలు దొరకడం లేదని 2016 జూలైలో అది కూడా మానేసింది. ఆస్ట్రేలియా జాతీయ చలనచిత్ర, ధ్వని భాండాగారం వారు 2015లోనే లెక్క కట్టి, అయస్కాంత టేపుల మీద ఉన్నది ఏదైనా సరే 2025 లోగా ఎక్కించుకోకపోతే తరువాత చాలావరకు సాధ్యం కాదని హెచ్చరించారు. 2019లో యునెస్కో కూడా ధ్వని భాండాగారాల అంతర్జాతీయ సంఘంతో కలిసి ఇదే గంట కొట్టింది. మనం ఆ గడువు దాకా నిద్రపోయాం. అయినా ఆ గడువు రైలు టైము వంటిది కాదు. యంత్రం దొరికినంత కాలం, దాన్ని బాగుచేసే మనిషి దొరికినంత కాలం పని జరుగుతుంది.

ఆ మనిషి నాకు దొరికాడు. మా ఇంట్లో అటక మీద ఒక వీసీఆర్ ఉన్నది, క్యాసెట్టు మింగి ఊరుకుంటుంది. దాన్ని పట్టుకుని బజార్లన్నీ తిరిగితే అందరూ నవ్వారు. చివరికి పాత బస్టాండు వెనక సందులో, మిక్సీలు బాగుచేసుకునే డెబ్బై ఏళ్ళ పెద్దాయన మూత విప్పి చూసి, "హెడ్డు బంగారంలా ఉందండి బాబూ, బెల్టే సాగిపోయింది. పించ్ రోలరు గట్టిపడిపోయింది. వారం ఆగండి" అన్నాడు. ఒకప్పుడు ఊళ్ళో వీడియో పార్లర్లన్నిటికీ ఆయనే డాక్టరట. 1982 ఏషియాడ్‌తో రంగుల టీవీ వచ్చాక ఇల్లూ వాకిలీ వీసీఆర్ పిచ్చి పట్టిన కాలం మీలో పెద్దవాళ్ళకు గుర్తుండే ఉంటుంది. రాత్రికి అద్దెకు తెచ్చి నాలుగు సినిమాలు చూసి తెల్లారేసరికి తిరిగిచ్చేవాళ్ళం. తెల్లారేసరికి హెడ్డు మురికి పట్టేది. ఆ మురికంతా తుడిచింది ఈయనే. "హెడ్డును అడ్డంగా తుడవాలండి, పైకీ కిందికీ తుడిచారో ఊడొస్తుంది" అని నాకూ నేర్పాడు. పలచగా స్వచ్ఛమైన స్పిరిట్టు, మెత్తని తోలు గుడ్డ, వేలితో తేలికగా ఒత్తి పట్టుకుని డ్రమ్మును నెమ్మదిగా తిప్పడం. ఆ పని వ్రాస్తే రాదు, చూసి నేర్చుకోవలసిందే.

ఇక మనం ఇదివరకు చేసిన తప్పు ఒకటి ఉన్నది, దాన్ని దాచి లాభం లేదు. 2006లో అప్పటి సంఘంవారు మంచి ఉద్దేశంతోనే మూడు టేపులు తీసుకుని ఊళ్ళో ఒక దుకాణానికి ఇచ్చి డీవీడీలు చేయించారు. వాటిలో 1993లో మేము వేసిన "కన్యాశుల్కం" ఒకటి. నేను ఆ నాటకంలో లేను. అంటే తెర వెనక ప్రాంప్టింగ్ చెప్పాను. డీవీడీ వచ్చిందని తెలిసి ఒక కాపీ తెప్పించుకుని ఇంటిల్లిపాదినీ కూర్చోబెట్టి పెట్టాను. ముందు రంగురంగుల పూలు రాలాయి. పూల మధ్య నుంచి కళాశాల పేరు గిరగిరా తిరుగుతూ వచ్చింది. తరువాత సినిమా పాట. రంగం మారినప్పుడల్లా మళ్ళీ పాట. మధురవాణి పైకి వచ్చినప్పుడు మాటలు తగ్గించి వీణ కలిపారు. రెండు గంటల పైన నడిచిన నాటకం గంటా పది నిమిషాలకు వచ్చింది. "బోరు కొట్టకుండా ఎడిటింగ్ చేశాం సార్" అని దుకాణం వాళ్ళు గర్వంగా చెప్పారట. వాళ్ళను అనుకుని ప్రయోజనం లేదు. పెళ్ళి క్యాసెట్లు అలా చేస్తేనే జనం సంతోషించేవారు. తప్పు, ఏం కావాలో వాళ్ళకు చెప్పకుండా ఇచ్చిన మనది. ఆ డీవీడీ ఇప్పుడు ఏ ప్లేయరులో పెట్టినా "డిస్కు లేదు" అంటున్నది. పదహారేళ్ళకే పోయింది. దానికంటె పదమూడేళ్ళు పెద్దదైన టేపు బీరువాలోనే ఉన్నది.

దసరా సెలవుల్లో ఆ టేపునే మొదట ఎక్కించాను. బూజు పట్టిన ఐదింటిలో అదీ ఒకటి. మెకానిక్ గారు క్యాసెట్టు మరలు విప్పి, ముక్కుకు గుడ్డ కట్టుకుని, ఆరుబయట కూర్చుని, చుట్టను చేత్తో తిప్పుతూ పొడి బట్టతో తుడిచి, వేరే కొత్త డొక్కులో బిగించి ఇచ్చాడు. ఒక మధ్యాహ్నమంతా పట్టింది. వీసీఆర్ నుంచి తీగ కంప్యూటరుకు కలిపి, మీట నొక్కి, నేనూ ఆయనా చూస్తూ కూర్చున్నాం.

నాటకం మొదలు కావడానికి ముందు 11 నిమిషాలున్నాయి. వీడియో కుర్రవాడు భుజం మీది కెమెరాను రంగస్థలం పక్కన బల్ల మీద పెట్టి, ఆపడం మరిచిపోయి, టీకి పోయినట్టున్నాడు. కెమెరా తనంతట తాను చూస్తూ ఉన్నది. అటూ ఇటూ పరుగెత్తే కాళ్ళు. ఎవరిదో నవ్వు. లుబ్ధావధాని గడ్డం ఊడిపోతే జిగురు కోసం కేకలు. ఇంతలో మా తెలుగు మాస్టారు వచ్చారు. ఆయన 2011లో పోయారు. గిరీశం వేషం వేసినవాడి మీసం సరిచేస్తూ, "ఒరేయ్, చుట్ట అంటించకు, ఊరికే నోట్లో పెట్టుకో. తెర అంటుకుందంటే ప్రిన్సిపాలు నన్ను అంటిస్తాడు" అన్నారు. వాడు సరేనంటూ తల ఊపాడు. (తరువాత అంటించాడు, అది కూడా టేపులో ఉన్నది.) ఆ తరువాత మాస్టారు ఒక్కరే నిలబడి, చేతిలో పుస్తకం మూసి, కళ్ళు మూసుకుని, పెదవులు కదుపుతూ మొత్తం సంభాషణ వల్లె వేసుకున్నారు. నాటకం ఆయన వెయ్యడం లేదు. అయినా ఆయనకు నోటికి వచ్చు.

దుకాణం వాళ్ళు మొట్టమొదట కత్తిరించి పారేసింది ఈ 11 నిమిషాలే. వేస్టు అనుకున్నారు. నేనైనా అప్పుడు వేస్టనే అనేవాణ్ణేమో. మాస్టారి ఫొటోలు వాళ్ళింట్లో చాలానే ఉన్నాయి, కాని ఆయన కదులుతూ మాట్లాడుతూ ఉన్నది లోకం మొత్తం మీద ఇదొక్కటే. వాళ్ళ అమ్మాయికి పంపించాను. ఆమె మూడు రోజులు ఏమీ పలకలేదు. నాలుగో రోజున ఫోన్ చేసి, "మా పిల్లలకు తాతగారి గొంతు ఎలా ఉంటుందో చెప్పడానికి నాకు చేతనయ్యేది కాదండీ. ఇప్పుడు విన్నారు" అని మాత్రం అన్నది.

చివరి ఇరవై నిమిషాల్లో బొమ్మ చెదిరిపోయింది. బూజు అక్కడే ఎక్కువ. సౌజన్యారావు పంతులు గారు మంచు తుఫానులో నిలబడి మాట్లాడుతున్నట్టు ఉంటుంది, మాట ఒక్కటే వినబడుతుంది. 2006లో ఈ టేపును కోతలు లేకుండా ఎక్కించి ఉంటే ఆ ఇరవై నిమిషాలు కూడా దక్కేవి. ఇది నా ఊహ కాదు. డీవీడీ చూసినప్పుడు ఆఖరి రంగం శుభ్రంగా కనబడటం నాకు బాగా గుర్తు, పైన పాట వినబడుతూ ఉన్నా సరే.

అందుకని నేను చెప్పదలచుకున్నది ఇది. టేపుల్ని ఈ ఏడాదే ఎక్కించాలి, మొదటి సెకను నుంచి చివరి సెకను దాకా ఉన్నది ఉన్నట్టు ఎక్కించాలి, ఆ పని మన విద్యార్థులే చెయ్యాలి. మంచివి ఏరి ఎక్కిద్దాం, తక్కినవి వదిలేద్దాం అనే మాట సంఘంలో వినబడుతున్నది. ఏది మంచిదో ఏరడానికి మనమెవరం? 1993లో ఎవరైనా ఏరి ఉంటే బహుమతి ప్రదానాలూ ముఖ్య అతిథుల ఉపన్యాసాలూ మిగిలేవి. ఆ ముఖ్య అతిథులెవరో ఇప్పుడు ఎవరికీ గుర్తు లేదు. 1998 టేపు ఒకదానిలో క్యాంటీన్ దగ్గర పాత రేకుల షెడ్డు రెండు నిమిషాలు కనబడుతుంది. ఆ షెడ్డు ఇప్పుడు లేదు, దాని ఫొటో కూడా ఎక్కడా లేదు. మా బ్యాచ్ వాళ్ళు నలుగురు ఆ రెండు నిమిషాలే పదేపదే పెట్టించుకుని చూశారు.

మన పూర్వులకు ఈ విషయం మనకంటె బాగా తెలుసు. తాళపత్రం శాశ్వతమని వాళ్ళు ఎన్నడూ అనుకోలేదు. శిథిలం కాకముందే మరొక ప్రతి వ్రాయించేవారు. బ్రౌను దొర కడపలో సొంత డబ్బుతో పండితులకు జీతాలిచ్చి, దొరికిన గ్రంథమల్లా ప్రతులు వ్రాయించి సరిచూపించాడు. లేకపోతే ఎన్ని పుస్తకాలు చెదల పాలయ్యేవో. లేఖకులు ప్రతి చివర ఒక మాట వ్రాసుకునేవారు: చూసినది చూసినట్టు వ్రాశాను, దోషముంటే నాది కాదు అని. నాకు తెలిసి టేపు ఎక్కించేవాడికి అంతకు మించిన సూత్రం లేదు. సొంత కవిత్వం కలిపిన లేఖకుడికీ, మధురవాణి మీద వీణ కలిపిన దుకాణానికీ భేదం ఏముంది?

ఎక్కించాక టేపుల్ని పారెయ్యవచ్చునా అని ఒక అధ్యాపక మిత్రుడు అడిగారు. వద్దు. రేపు ఇంతకంటె మంచి యంత్రంతో మళ్ళీ ఎక్కించే అవకాశం రావచ్చు. 1969లో అపోలో 11 చంద్రుడి మీద దిగినప్పటి అసలు టేపుల కోసం ఏళ్ళ తరబడి వెతికి, చివరికి 2009లో నాసా వారే చెప్పారు, వాటిని చెరిపి మళ్ళీ వాడేసి ఉంటారని. అంతవాళ్ళకే తప్పలేదు. మన బీరువాలో "1991 క్రీడోత్సవం" అన్న క్యాసెట్టులో ఏమున్నదో తెలుసా? పరుగు పందెం మొదలయ్యే చోట, తుపాకి పేలబోతుండగా, టీవీలో వచ్చిన సినిమా మొదలవుతుంది. ఎవరో యూనియన్ పెద్దమనిషి ఇంటికి తీసుకుపోయి రికార్డు చేసుకున్నాడు. ఎవరు గెలిచారో ఇక తెలియదు. వీహెచ్ఎస్ క్యాసెట్టు వెన్ను మీద ఎడమ చివర చిన్న ప్లాస్టిక్ రెక్క ఉంటుంది. దాన్ని విరగ్గొడితే మళ్ళీ రికార్డు కాదు. చిన్న క్యాసెట్లకు జరిపే మీట ఉంటుంది. దయచేసి ఈ పని రేపే చెయ్యండి, దీనికి ఖర్చు లేదు.

ఇక "పాడైనది" కథ. 1996లో అమెరికాలో ఉన్న మన పాత విద్యార్థులు ఒకచోట కలుసుకుని, అది వీడియో తీసి కళాశాలకు కానుకగా పంపారు. ఇక్కడ పెడితే బొమ్మ నలుపు తెలుపుల్లో, పైకి పైకి దొర్లుతూ కనబడింది. పాడైనదని వ్రాసి మూల పడేశారు. దానికేమీ కాలేదు. అమెరికా పద్ధతిలో బొమ్మకు 525 గీతలు, సెకనుకు 30 బొమ్మలు. మన దేశపు పద్ధతిలో 625 గీతలు, 25 బొమ్మలు. రెండు పద్ధతులూ తెలిసిన వీసీఆర్ మెకానిక్ గారి దగ్గరే ఉన్నది. కంప్యూటరులో కూడా ఆ పద్ధతి ఎంచుకుని పెట్టేసరికి ఎంచక్కా రంగుల్లో వచ్చింది. మంచు పడిన పచ్చిక మీద చీరలు, పిల్లలు, పులిహోర గిన్నె. ఒకాయన కెమెరా ముందుకు వచ్చి, "హాస్టలు మెస్సులో సాంబారు ఇంకా అలాగే ఉందా?" అని అడిగాడు. ముప్పై ఏళ్ళుగా ఆ ప్రశ్న జవాబు లేకుండా క్యాసెట్టులో ఉండిపోయింది. (అలాగే ఉందండి.)

ఈ టేపు చూస్తున్నప్పుడే ఇంకొక భయం పట్టుకుంది. అందులో నలభై మంది ఉంటే నేను గుర్తుపట్టినది ఆరుగురిని. రిటైరైన మన హెడ్ క్లర్కు గారికి చూపిస్తే ఇరవై రెండు పేర్లు గడగడా చెప్పారు, ఏ బ్యాచ్, ఏ గ్రూపు, ఎవరు ఫీజు బాకీ పడ్డారు అన్న వివరాలతో సహా. ఆయనకు ఎనభై దాటింది. పేర్లు లేని బొమ్మలు ఎన్ని గంటలుంటే ఏం లాభం? కనుక ఎక్కించిన ప్రతి టేపుకూ ఒక నోటు పుస్తకం పెట్టాలి. ఎన్నో నిమిషంలో ఎవరున్నారు, ఏం జరుగుతున్నది, చెప్పినది ఎవరు. ఈ పనిని టేపు ఎక్కించడం కంటె ముఖ్యమని నేననుకుంటున్నాను. యంత్రం ఎక్కడో ఒకచోట దొరుకుతుంది.

యూట్యూబులో పెట్టేస్తే సరిపోతుంది కదా అంటున్నారు కుర్రవాళ్ళు. సరిపోదు. అక్కడ బొమ్మను కుదించి పెడతారు. పెట్టినవాడి అకౌంటు పోతే అదీ పోతుంది. అంతకంటె పెద్ద సంగతి ఒకటున్నది. 1994లో వేదిక మీద నృత్యం చేసిన అమ్మాయి కళాశాల హాల్లో ఉన్న అయిదు వందల మంది ముందు చేసింది, లోకమంతటి ముందు కాదు. ఆమె ఈనాడు ఎక్కడో ఎవరికో అమ్మమ్మ అయి ఉంటుంది. ఆమెను అడగకుండా ఎక్కించే హక్కు మనకున్నది, భద్రపరచడానికి. ఊరంతా చూపించే హక్కు మాత్రం లేదు. గ్రంథాలయంలో ఒక కంప్యూటరులో పెట్టండి. వచ్చినవాళ్ళు కూర్చుని చూసుకుంటారు. బయట పెట్టదలిస్తే అందులో ఉన్నవాళ్ళను అడిగి పెట్టండి. దీని మీద నాతో వాదించే కుర్రవాళ్ళు ఉన్నారు, వాదించనివ్వండి.

ఖర్చూ శ్రమా లెక్క వేశాను. ఈ 41 టేపులూ కలిపి సుమారు 85 గంటలు వస్తాయి. తొందర పెట్టడానికి దారి లేదు. గంట టేపుకు గంట పడుతుంది. కంప్యూటర్ లాబులో సాయంత్రం మూడేసి గంటల చొప్పున, ఇద్దరిద్దరు విద్యార్థులు వంతులు వేసుకుంటే నెల రోజుల పని. వీహెచ్ఎస్ లాంటివాటిని నష్టం లేని పద్ధతిలో భద్రపరిస్తే గంటకు 30 నుంచి 40 జీబీ పడుతుంది. ఎఫ్ఎఫ్‌వీ1 అనే కోడెక్ ఉన్నది, ఉచితం, భాండాగారాల వాళ్ళు కూడా వాడుతున్నారు. అంతా కలిపి నాలుగు టీబీ డిస్కులో పడుతుంది. అటువంటి డిస్కులు మూడు కొనాలి: ఒకటి గ్రంథాలయంలో, ఒకటి ఆఫీసులో, ఒకటి ఊరి బయట ఎవరైనా పాత విద్యార్థి ఇంట్లో. ఏటా వార్షికోత్సవం రోజున మూడూ తీసి పని చేస్తున్నాయో లేదో చూడాలి, పాతబడిన డిస్కు మార్చాలి. డిస్కు కూడా తాళపత్రం వంటిదే మరి. మినీ డీవీల తంతు వేరు. వాటి మీద ఉన్నది అప్పటికే అంకెల రూపంలో ఉన్నది కనుక, పసుపు పచ్చ తీగతో బొమ్మగా లాగకుండా ఫైర్‌వైర్ తీగతో ఉన్నదున్నట్టు దించుకోవాలి. గంటకు 13 జీబీ వస్తుంది. కొత్త కంప్యూటర్లకు ఆ పోర్టు రావడం లేదు. భౌతిక శాస్త్ర విభాగంలో మూల పడేసిన పాత కంప్యూటరుకు ఉన్నది. పాతసామాను వాడికి వేసెయ్యకండి.

డబ్బు ఎక్కడిదంటారా? డిస్కులూ తీగలూ, వీసీఆర్ బాగుచేయించిన ఖర్చూ అన్నీ కలిపినా కిందటి వార్షికోత్సవానికి ఒక్క రాత్రి డీజే సౌండుకు అయిన దానిలో సగం కాదు. బిల్లు చూసే అంటున్నాను. పాత విద్యార్థులం సగం వేసుకుంటాం. ఆ మాట సమావేశంలోనే చెప్పాం, మినిట్సులో వ్రాయలేదు కనుక ఇక్కడ అచ్చులో వ్రాస్తున్నాను.

బీరువా తాళం చెవి ఆఫీసులో అటెండరు గారి దగ్గర ఉన్నది. బూజు పట్టిన తక్కిన నాలుగు క్యాసెట్లూ వేరే పెట్టెలో, పై అరలో ఉన్నాయి. వాటిని ఎవరూ ముట్టుకోవద్దు, మెకానిక్ గారికే ఇవ్వాలి. ఆయన మొన్న ఫోన్ చేశాడు. కళ్ళు ఆనడం లేదట. సంక్రాంతి తరువాత దుకాణం ఎత్తేసి హైదరాబాదులో కూతురి దగ్గరికి పోతున్నాడట. "ఆ రెండు పద్ధతుల వీసీఆర్ మీ కాలేజీకే ఇచ్చేస్తానండి బాబూ, డబ్బులొద్దు. ఎవరినైనా కుర్రాడిని పంపించండి, హెడ్డు తుడవడం చూపిస్తాను" అన్నాడు. ఎవరిని పంపించమంటారో కార్యదర్శి గారు నాకు తెలియజేయగలరు.